జంటపొద్దుల దేశంలో గీత పడని రోజులు

బావా,

ఎలా ఉన్నావు? నువ్వు వెళ్ళి ఏడాది నాలుగు నెలలైంది. ఇక్కడ మేమిద్దరం కులాసా.

పదో తరగతి పరీక్షల తర్వాత నేను ఇంత పొడుగు రాత రాయడం ఇదే. ఇన్నాళ్ళూ నీతో చెప్పుకోవాల్సినవన్నీ పొద్దున్నే దీపం పెట్టేటప్పుడు నోటితోనే చెప్పుకున్నాను. నా గొంతు నా చెవికే వినపడదని వెక్కిరించేవాడివి కదా, ఎవరికీ ఇబ్బంది లేకపోయింది. కానీ ఈరోజు చెప్పాల్సింది ఒకటుంది. అది గోడ కూడా వినకూడదు. అందుకే మన శ్రావణి పాత నోట్సులోంచి కాగితాలు చింపుకుని కూర్చున్నాను.

ముందు మంచి కబురు. ఈరోజు నీ జంటపొద్దుల దేశంలో నూరో జంట ఉదయం. గవ్వ తెప్ప తోసేసింది బావా! పుస్తకం పూర్తయింది.

నవ్వుకో. ఆ దేశం పేరెత్తితే లెంపలు వేసుకునే మనిషి ఈ మాట రాస్తోందని కడుపారా నవ్వుకో.

గుర్తుందా... శ్రావణి రెండో తరగతిలో ఉండగా దానికి అమ్మవారు పోసింది. గుమ్మానికి వేపమండలు కట్టి గదిలో పడుకోబెట్టాం. ఎండ తగలకూడదు, గడప దాటకూడదు. కిటికీ సందులోంచి పడే ఎండని చూసి అది ఒకటే ఏడుపు. నువ్వు కుట్టాల్సిన వల అక్కడికే తెచ్చుకుని దాని పక్కన కూర్చున్నావు. "ఓలమ్మా, ఒక్క పొద్దు కోసం ఇంత ఏడుపేటే? రెండు పొద్దులున్న ఊరు నేను సూపిస్తాను, సూడు" అన్నావు.

అంతే, మొదలైంది. ఆ దేశంలో పెద్దపొద్దు మన సూర్యుడిలాగే రోజూ వేళకి లేస్తాడు. చిన్నపొద్దు అతని తమ్ముడు. ఎర్రగా ఉంటాడు, ఒళ్ళు బద్ధకం. రోజుకి కొంచెం కొంచెం ఆలస్యంగా లేస్తాడు. ముప్పై రోజులయ్యేసరికి అన్న దిగే వేళకి తమ్ముడు లేస్తాడు. ఇక రాత్రే ఉండదు, తెల్లవార్లూ ఎర్ర వెలుగే. ఇంకో ముప్పై రోజులకి మళ్ళీ ఇద్దరూ ఒక్కసారే లేస్తారు. అది జంట ఉదయం. ఆరోజు ఇద్దరూ కలిసే దిగిపోతారు కాబట్టి ఆ ఒక్క రాత్రే అక్కడ నిండు చీకటి. ఆ ఒక్క రాత్రే ఆకాశం నిండా చుక్కలు.

జంట ఉదయం నుంచి జంట ఉదయానికి అరవై రోజులు. దాన్ని చుట్టు అన్నావు. ఆరు చుట్లు కలిస్తే ఏడాది. వలలు నేసే చుట్టు, చేపలెండే చుట్టు, గాలి తిరిగే చుట్టు, పెళ్ళిళ్ళ చుట్టు, వానల చుట్టు... చివరిది ఊరికే ఉండే చుట్టు. చేపలు పిల్లలు పెట్టుకుంటాయని ఆ అరవై రోజులూ అక్కడ ఎవరూ వేటకి వెళ్ళరు, పాటలు పాడుకుంటూ కూర్చుంటారు. ఆ ఊళ్ళో ఆది, సోమ లేవు. రెండు పొద్దులుంటే ప్రతి మనిషికీ రెండు నీడలు కదా, ఆ నీడల్ని బట్టే రోజుల పేర్లు. కలిసిన నీడలు, విడిన నీడలు, ఎదురు నీడలు, అలిగిన నీడలు. ఆ 'అలిగిన నీడలు' నన్ను చూసే పెట్టావని నాకు తెలుసులే.

"నాన్నా, నాకు నీల్లు ఎన్నాల్లకి పోస్తారు?" అని పిల్ల రోజుకి పదిసార్లు అడిగేది. ఐసు ఫ్యాక్టరీ వాళ్ళిచ్చిన క్యాలెండరు వెనక్కి తిప్పి గళ్ళు గీశావు. చెమ్మ పట్టని గోడ మన ఇంట్లో ఒక్కటే, దేవుడి గూడున్న గోడ. గూటి పక్కనే దాన్ని తగిలించి, నైలాను దారంతో పెన్సిలు కట్టావు. పొద్దున్న లేవగానే గడికి ఒక గీత. పిల్లకి తగ్గింది, తలకి నీళ్ళు పోశాం. నీ గీతలు మాత్రం ఆగలేదు. కాగితం నిండితే కింద ఇంకోటి అతికించేవాడివి.

నాకేమో ఒకటే భయం. అరసవల్లి స్వామికి ఆదివారాలు ఒక్కపొద్దులుండే ఇంట్లో రెండో సూర్యుడా? ప్రత్యక్ష దైవం ఒక్కడుండగా ఇంకొకడేమిటి, కళ్ళు పోవూ? రథసప్తమి నాడు వరసలో నిలబడి నీ తరఫున కూడా నేనే క్షమాపణ చెప్పుకున్నాను. నువ్వేమన్నావు? "మీ స్వామి ఒక్కడే ఎన్నాల్లు తిరుగుతాడే? ఆయనకీ ఓ తమ్ముడుంటే తోడు కదేటి" అన్నావు. ఇంకోసారి, "నా ఊర్లో గ్రహణం పట్టినా బాధ నేదు. ఒకడికి పడితే ఇంకొకడుంటాడు. నువ్వు అన్నం కుండలో దర్బలు ఏసుకోనక్కర్లేదు" అన్నావు. నేను చెవులు మూసుకున్నాను. లోపల నవ్వొచ్చింది కూడా. అప్పుడు చెప్పలేదు, ఇప్పుడు చెప్తున్నాను.

ఆ ఊరి పిల్ల గవ్వ. ఆవలి దిబ్బకి తెప్ప తోలుకెళ్ళాలని దాని పట్టుదల. చుక్కలు కనిపిస్తేనే దారి తెలుస్తుంది, చుక్కలేమో అరవై రోజులకి ఒక్క రాత్రే. నూరో జంట ఉదయం నాడు గవ్వ బయల్దేరుతుందని శ్రావణికి మాటిచ్చావు. "అప్పటికి నువ్వూ పెద్దదానివైపోతావు. బొమ్మలు నువ్వే ఎయ్యాల" అన్నావు. నూరు జంట ఉదయాలూ మన లెక్కలో ఏ ఏ తేదీల్లో వస్తాయో నోటుబుక్కులో ముందే రాసిపెట్టావు కూడా. పదహారేళ్ళు దాటి చూశావు బావా నువ్వు! ఆ చూపు నీ మందుల వేళ మీద ఉంటే ఎంత బాగుండేది...

నువ్వు వెళ్ళాక గీతలు శ్రావణి గీసింది. పగలు టౌనులో డీటీపీ షాపు పని, ఇంటికొచ్చాక గవ్వ కథకి బొమ్మలు. పిల్లల పుస్తకాలు వేసే దంపతులు విశాఖలో ఎవరో ఉన్నారట, కొన్ని బొమ్మలు చూసి, మొత్తం పంపమన్నారు. పిల్ల నేలమీద నడవలేదనుకో.

తర్వాత, కిందటి దీపావళి వెళ్ళాక, నీ నోటుబుక్కునీ గోడనీ పక్కపక్కన పెట్టి చూసింది. రెండూ కలవలేదు. గోడమీద గీతలు నోటుబుక్కు కంటే ముప్పై మూడు రోజులు వెనకబడి ఉన్నాయి.

"రెండు తేదీలు వస్తన్నాయమ్మా. నూరోది ఏ రోజని గీయాల? దిద్దితే నాన్న తప్పు నేను దిద్దినట్టు. దిద్దకపోతే చుక్కలే నేని రాత్రి గవ్వ సముద్రంలో ఉంటాది" అంది. నాలుగు రోజులు లెక్కలు వేసింది. ఐదో రోజు బొమ్మలన్నీ పెట్టెలో పెట్టి మూసేసింది. గీతలు మాత్రం మానలేదు. గీత గీసేటప్పుడు ఇదివరకు ఏదో పాట పాడేది. అది మానేసింది.

నేనేం చెప్పను? నాకు ఆ దేశం గురించి ఏం తెలుసు? ఆ నోటుబుక్కు నేను ఒక్కసారి కూడా తెరవలేదు. అంత చిన్న సంగతికి పిల్ల అంతలా నీరుగారిపోతుంటే నాకు భయమేసింది. నువ్వు ఒకసారి పోయావు. ఆ బొమ్మలు కూడా పెట్టెలోనే ఉండిపోతే నువ్వు రెండోసారి పోయినట్టే కదా దానికి...

ఉగాది ముందురోజు గూడు కడిగి పాత పంచాంగం తీశాను. నేను ఏదీ పారేయనని తెలుసుగా, ఇన్నేళ్ళవీ నా ట్రంకు పెట్టెలోనే ఉన్నాయి. తీసినదాన్ని కూడా వాటితో పెడుతూ పాతవి తిరగేశాను. ఏకాదశి చుట్టూ సున్నా, వ్రతాల దగ్గర చుక్క, ఇంటికి మైల పట్టినప్పుడు మొదటి రోజు నుంచి శుద్ధి రోజు దాకా పక్కన పొడుగ్గా ఒక గీటు. నా గుర్తులు అవే కదా. మీ అమ్మ పోయినప్పటి గీటు కనిపించింది.

అప్పుడు నువ్వు కళ్ళకు కట్టినట్టు కనిపించావు. మూడో రోజు పొద్దున్న నీ చెయ్యి అలవాటుగా పెన్సిలు మీదకి వెళ్ళింది. "గూడు ముట్టుకోకు, మైల" అన్నాను. చెయ్యి వెనక్కి తీసుకున్నావు. "నీ మైల నా దేశానికి కూడా తగిలిందేటే? సరే, అక్కడోల్లు కూడా పదకొండు రోజులు కూకుంటార్లే" అన్నావు. పన్నెండో రోజున మధ్యలో ఏమీ జరగనట్టు తర్వాతి గడిలో గీత గీశావు.

వేళ్ళమీద లెక్కపెట్టాను బావా. అత్తకి పదకొండు. మీ పెదనాన్నకి పదకొండు. మీ తమ్ముడికి కొడుకు పుట్టినప్పుడు పురుటి మైల పదకొండు. ముప్పై మూడు! మూడుసార్లు లెక్కపెట్టాను. నువ్వేం తప్పు చెయ్యలేదు. పెన్సిలు పట్టుకోనివ్వంది నేను.

సాయంత్రం శ్రావణి భుజం మీద సంచీ దించకుండానే చెప్పాను. "ఏటమ్మా, గట్టిగా సెప్పు, వినపడ్డం నేదు!" అని అరిచింది. మళ్ళీ చెప్పాను. పంచాంగాలు ముందేశాను. అది ఒక్కో గీటూ వేలితో తడిమి చూసి, ఉన్నట్టుండి పకపకా నవ్వింది. కళ్ళనిండా నీళ్ళు. "అయితే నాన్న లెక్క తప్పు నేదమ్మా! నోటుబుక్కులోది పొద్దుల లెక్క. గోడమీదది మనుషుల లెక్క. పొద్దులకి మైల ఏటి? ఆల్లు ఆగరు. మనుషులే ఆగిపోతారు" అంది.

ఇంత మాట ఎక్కడ నేర్చింది బావా ఇది? నీ దగ్గరేనా?

అప్పటికి నోటుబుక్కు ప్రకారం నూరో జంట ఉదయానికి ఇంకా ఇరవై ఆరు రోజులున్నాయి. పెట్టె తెరిచింది. ఆ తప్పునే కథలో పెట్టేసింది! ఆ రేవులో అందరూ గోడమీద గీతలే నమ్ముకుంటారు. ఎవరైనా పుట్టినా పోయినా గీత ఆపేస్తారు. అలా ఆపి ఆపి వాళ్ళ లెక్క పొద్దుల కంటే వెనకబడిపోతుంది, ఎవరికీ తెలియదు. ఊళ్ళో ఏ ఇంట్లో ఎవరు పుట్టారో ఎవరు పోయారో మరచిపోని ముసలమ్మ ఒకతె ఉంటుంది. ఆవిడే ఆగిన రోజులన్నీ కలిపి, గవ్వ చెవిలో చెప్తుంది, 'చుక్కలొచ్చే రాత్రి ఇదే, వెళ్ళిపో' అని.

ఆ ముసలమ్మకి నా ముక్కుపుడక పెట్టింది! "ఏటే, నేను అంత ముసల్దాన్నా?" అన్నాను. "కదలకమ్మా, బుగ్గ గీస్తన్నాను" అంది. కూర కూడా మాడిపోయింది ఆ రోజు. వేట నిషేధం మొదలై బోట్లన్నీ ఒడ్డెక్కాయి కదా, పనిలేక మీ తమ్ముడు రోజూ వచ్చి గుమ్మంలో కూర్చునేవాడు. "ఒదినా, నీకు మీసాలెట్టింది సూడు" అని నన్ను కంగారు పెట్టేవాడు. మీసాలు లేవులే.

అంతా బాగుందనుకున్నాను. ఒక ఆదివారం పొద్దున్న పిల్ల బ్రష్షు కింద పెట్టి నా దగ్గరకొచ్చింది. ముఖం మళ్ళీ పాతలాగే ఉంది.

"మరి నాన్నవమ్మా? నాన్నకి కూడా మైల పదకొండు రోజులు. అయి కూడా కలిపితే నలభై నాలుగు రావాల. ముప్పై మూడే ఎందుకొచ్చాయి? అయితే ఇది మైల లెక్క కాదేమో. మనమే ఏదో అనేసుకున్నామేమో" అంది.

నేను పాలు పొంగుతున్నాయని లేచి వంటింట్లోకి వెళ్ళిపోయాను. పొయ్యి మీద పాలు లేవు.

బావా, ఇదే గోడ వినకూడని మాట.

నిన్ను సాగనంపిన మర్నాడు ఇంకా ఎవరూ లేవలేదు. చీపురు పట్టుకుని ఆ గదిలోకి వెళ్ళాను. నిన్నటి గడి ఖాళీగా ఉంది. పెన్సిలు దారానికి వేలాడుతోంది. గూటికి గుడ్డ కప్పేసి ఉంది. నేను ఏ రోజూ తలెత్తి చూడని కాగితం అది. ఆ రోజు చూశాను. ఒక్క గడి ఖాళీ ఉండేసరికి నీ దేశంలో జనమంతా, ఆ ఇద్దరు అన్నదమ్ములతో సహా, ఎక్కడివాళ్ళక్కడ నిలబడిపోయి నీకోసం చూస్తున్నట్టు అనిపించింది. నువ్వు రావని వాళ్ళకి ఎవరు చెప్తారు?

గీత గీసేశాను. నిన్నటిదీ, ఆ రోజుదీ.

మైలలో. గూటి పక్కన. స్నానం కూడా చెయ్యకుండా. మర్నాడు కూడా. ఆ మర్నాడు కూడా. పదకొండు రోజులకీ పదకొండు గీతలు. ప్రతి గీతకీ లెంప వేసుకున్నాను, ప్రతి పొద్దున్నా మళ్ళీ గీశాను. పన్నెండో రోజు శుద్ధి అయ్యాక శ్రావణి వచ్చి ఖాళీ గడి చూసుకుని గీత పెట్టింది. ముందరి గీతలు ఎవరివని దానికి తట్టలేదు. నేనూ చెప్పలేదు. ఇంకెవరికైనా ఇలాంటిది చెయ్యొద్దని చెప్పే మనిషినే కదా నేను...

కానీ ఇప్పుడు చెప్పకపోతే? అది మళ్ళీ పెట్టె మూసేస్తుంది. నా పరువు కోసం గవ్వని ఒడ్డునే నిలబెట్టేయనా? వంటింట్లోనే గోడకానుకున్నాను. దేవుణ్ణి అడిగాను. నిన్నూ అడిగాను.

బయటకొచ్చి చెప్పాను. "ఆ పదకొండు రోజులూ గీతలు పడ్డాయమ్మా. లెక్క సరిగానే ఉంది. ఎవరు గీశారని నన్ను అడక్కు" అన్నాను. ఈసారి గట్టిగా చెప్పమని అడగలేదు. లేచి వెళ్ళి గోడ దగ్గర నిలబడింది. నీ గీతలు ఏటవాలుగా, పెన్సిలు విరిగేంత గట్టిగా ఉంటాయి. దాని గీతలు పొడుగు. మధ్యలో పదకొండు మాత్రం చిన్నగా, నిటారుగా, ముగ్గుకి ముందు పెట్టే చుక్కల్లా ఒకే ఎడంలో ఉన్నాయి. వాటి మీద వేలు పెట్టి ఒక్కొక్కటే తడిమింది. నావైపు తిరగలేదు. తర్వాత వచ్చి బ్రష్షు పట్టుకుంది. కాసేపటికి పాట వినపడింది.

మర్నాడు కొత్త పేజీ ఒకటి వేసింది. గవ్వ తండ్రి పోయిన ఇంట్లో గోడ, గోడమీద గళ్ళు, ఒక చెయ్యి గీత గీస్తోంది. ఎవరిదో తెలియదు, ముఖం లేదు, చెయ్యి ఒక్కటే. కింద ఒక్క మాట కూడా రాయలేదు. వల దారం కోసి నా చూపుడువేలి మీద మచ్చ పడింది కదా... ఆ వేలికి కూడా ఆ మచ్చ వేసింది. సరిగ్గా అక్కడే.

నేను ఆ పేజీ చూసి పక్కన పెట్టాను. బాగుందన్నాను.

ఈ పొద్దున్న ఇద్దరం ఒడ్డుకి వెళ్ళాం. శ్రావణి చివరి పేజీకి రాత్రే రంగు వేసి ముగించింది. ఒడ్డెక్కిన బోట్ల పక్కన నిలబడి చూశాం. ఒక్కడే లేచాడు బావా. ఎర్రగా, తీరిగ్గా. నేను దండం పెట్టుకున్నాను. పెట్టుకుని, పక్కకి కాస్త జరిగి, ఇంకోసారి పెట్టాను. "రెండోది ఎవరికమ్మా?" అంది. "తోడుకి" అన్నాను. ఎంత నవ్విందో.

పదింటికి పోస్టాఫీసుకి వెళ్ళి పార్సిలు పంపేసి వచ్చాం. వాళ్ళు వేస్తారో వెయ్యరో నాకు తెలియదు. శ్రావణి కూడా అడగడం లేదు. గవ్వ దారిలో ఉందట, అది చాలంటోంది. గోడమీద తర్వాతి కాగితం అతికించింది. నూటొకటో చుట్టు. పాత ఆరు పేర్లూ కాకుండా దీనికి కొత్త పేరు నన్ను పెట్టమంది. ఏం పెట్టాలో ఆలోచిస్తున్నాను, నీకేమైనా తడితే కలలో చెప్పు.

ఒక్కటే అడగాలి. నీకు తెలుసా బావా, ఆ ముప్పై మూడు రోజుల సంగతి? తెలిసే వదిలేశావా? నా మాట కాదనడం ఇష్టంలేక ఒక దేశం దేశాన్నే ఆపేశావా?

సరే, ఉంటాను. ఈ కాగితాలు నీ వలల పెట్టెలో అడుగున పెడుతున్నాను. నీ దగ్గరే దాచుకో, ఎవరికీ చూపించకు. మరీ ముఖ్యంగా మీ అమ్మకి. మైలలో గూడు ముట్టుకోకూడదని నాకు నేర్పిందే ఆవిడ.

నీ
ఆదిలక్ష్మి